నలభై రోజుల దిష్టి

ఫొటీని కొత్త పట్టు రుమాలు మెడకు చుట్టుకుని గదిలోకి వచ్చింది. దెస్పినాకు కడుపులో భగ్గుమంది.

గ్రీసులోని యానినా విశ్వవిద్యాలయంలో గణాంకశాస్త్రం చెప్పే ఈ ఇద్దరిదీ పదకొండేళ్లుగా ఒకే గది, ఎదురెదురు బల్లలు. ఇప్పుడు శాఖలో ఒకే ఒక్క ప్రొఫెసర్ పోస్టు ఖాళీ అయింది. దరఖాస్తులు రెండే, వీళ్లవే. జూన్‌లో కమిటీ ముందు ఇద్దరూ ఒకరి ఎదుట ఒకరు ప్రసంగించాలి.

ఫొటీని చుట్టూ ఎప్పుడూ విద్యార్థులు మూగుతారు. ఆఖరికి క్యాంటీన్ వాడు కూడా కేకులో ఆమెకే పెద్ద ముక్క కోస్తాడు. అది చూసి దెస్పినా కళ్లలో నిప్పులు పోసుకునేది. తన ముక్క చిన్నదైనందుకు కాదు, ఆమెది పెద్దదైనందుకు.

"ఎంత బాగుందే నీకా రుమాలు," అంది.

అలా మెచ్చుకున్నాక, దిష్టి తగలకుండా మూడుసార్లు థూ అనాలి, అది అక్కడి ఆచారం. దెస్పినా కావాలనే అనలేదు.

సాయంత్రం ఫొటీని సంచీ సర్దుకుంటూ నిట్టూర్చింది. "మా ఆయన ఫోన్ చేశాడే. ఇంట్లో పైపు పగిలిందట, వంటగదంతా చెరువు."

రెండు రోజుల తర్వాత దెస్పినా ఆమె జుట్టును మెచ్చుకుంది. ఆ సాయంత్రానికి ఫొటీని కారును ఎవడో గీకేసి పోయాడట.

'నరుడి కంటికి నల్లరాయి పగులుతుందంటారు, నిజమేనా?' అనుకుంది దెస్పినా. వెంటనే సిగ్గుపడింది. ఒకదాని వెనక ఒకటి జరిగినంత మాత్రాన మొదటిది కారణమైపోదని, అది కాకతాళీయం కావచ్చని ఏటా పిల్లలకు చెప్పేది ఆవిడే. అనుమానం వస్తే ప్రయోగం చేసి చూడాలి. చేసింది.

రోజూ పొద్దున్నే నాణెం ఎగరేసేది. బొమ్మ పడితే, అసూయంతా కళ్లలోకి తెచ్చుకుని ఫొటీనిని పొగిడేది. బొరుసు పడితే తల వంచుకుని శుభోదయం చెప్పి ఊరుకునేది. నిర్ణయం నాణేనిది కాబట్టి మధ్యలో ఇంకో కారణం దూరడానికి సందు లేదు. సాయంత్రం ఫొటీని చెప్పిందల్లా పుస్తకంలో రాసుకునేది.

నలభై పనిరోజులు గడిచాయి. బొమ్మ పడిన ఇరవై ఒక్క రోజుల్లో పంతొమ్మిది కష్టాలు. బొరుసు పడిన పంతొమ్మిది రోజుల్లో ఒకే ఒక్కటి. ఇలా ఊరికే జరిగే అవకాశం కోటిలో ఒక వంతు కూడా లేదు. పైగా చిన్న పొగడ్తకు చిన్న కష్టం, పెద్ద పొగడ్తకు పెద్ద కష్టం. శాస్త్రానికి ఇంతకన్నా ఏం కావాలి?

నిజం చెప్పాలంటే, మొదట దెస్పినాకు సంతోషమే వేసింది. ఇంత చదువూ చదివినా రాని బలం ఒంట్లో ఊరికే పడి ఉందన్నమాట. మర్నాడు ఇక నాణెం కూడా ఎగరేయలేదు.

"ఆ పోస్టు నీదేనే ఫొటీనీ. నీ తెలివి ముందు నేనెంత," అంది కళ్లారా చూస్తూ. అన్న ప్రతి మాటా గుండెల్లో మండింది.

ఆ సాయంత్రం ఫొటీని ఛాతీ మీద చెయ్యి వేసుకుని వచ్చింది. "మధ్యాహ్నం ఎడమవైపు పట్టేసిందే. డాక్టరు గుండెకేవో పరీక్షలు రాశాడు."

దెస్పినా తెరిచిన పుస్తకం మూసేసింది. మనిషిని చంపేంత పగ కాదు తనది, పోస్టు దొరికితే చాలు. మర్నాటి నుంచి గదిలోనూ నల్ల కళ్లద్దాలు పెట్టుకు కూర్చుంది. కానీ ప్రసంగాల రోజు ఎలా? గంటసేపు ఫొటీని ఎదురుగా నిలబడి అందరిచేతా చప్పట్లు కొట్టించుకుంటుంది. అది చూసి కుళ్లుకోకుండా ఉండటం తన చేతిలో ఉందా?

దరఖాస్తు వెనక్కి తీసుకుంటున్నానని ఉత్తరం రాసి శాఖాధిపతికి ఇచ్చింది.

"మతి పోయిందా అమ్మా?" అన్నాడాయన. "కమిటీలో ఐదుగురుంటే ముగ్గురు నీ వైపే ఉన్నారు."

"నా కళ్లు బాగాలేవు సార్," అంది దెస్పినా.

పోస్టు ఫొటీనికే వచ్చింది. ఆ మధ్యాహ్నమే మిఠాయి పెట్టె పట్టుకుని గదికి వచ్చింది.

దెస్పినా నేల చూపులు చూస్తూ ఒక ముక్క తీసుకుంది. "గుండె ఎలా ఉందే ఇప్పుడు?"

"నా గుండెకేమే, రాయిలా ఉంది," అని ఫొటీని పకపకా నవ్వింది. "ఎవరైనా మెచ్చుకుంటే దిష్టి తగలకుండా, ఆ మెప్పుకు తగ్గ కష్టమొకటి పొద్దు గుంకేలోపు వాళ్లకు కల్పించి చెప్పెయ్యమని మా నానమ్మ నేర్పింది."