ఒకే షాట్

“ఫొటోలు బాగున్నాయన్నా. నేనడిగింది సినిమా.”

డైరెక్టర్ లాప్‌టాప్ మూసేశాడు. వయసులో చిన్నవాడే, మాట మాత్రం ముక్కుసూటి. మొదటిసారి వానలో వీధిని షూట్ చేసి తీసుకొచ్చాడు ఫొటోగ్రాఫర్. రెండోసారి రైల్వే ప్లాట్‌ఫామ్. రెండింట్లోనూ కెమెరా గుంజకు కట్టేసినట్టుంది, మనుషులు పోజు పెట్టినట్టున్నారు.

“ఇంకొక్క అవకాశం ఇవ్వండి సార్.”

“సాయంత్రం దాకా చూస్తాను. ఒక మనిషి తన కథ తనే చెప్పాలి. ఒకే షాట్. ఫ్రేములో ప్రాణం కనబడాలి. లేదంటే వేరే కెమెరామన్‌ని పెట్టుకుంటాను, ఏమీ అనుకోకండి.”

అనుకోవడానికేముంది? సెల్‌ఫోన్లొచ్చి స్టూడియో మూతపడింది. పెళ్ళిళ్ళకు పిలిచే నాథుడు లేడు. నెత్తిన తెల్లవెంట్రుకలు చూసి కొత్త పని ఎవరిస్తారు? ఇదీ పోతే తనూ, తనను పెంచిన అక్కా రోడ్డున పడటమే.

ఇంటికెళ్ళేసరికి అక్క బియ్యం చెరుగుతోంది.

“అక్కా, చిన్నప్పుడు నేను సంతలో తప్పిపోయిన రోజు సంగతి కెమెరా ముందు చెప్పవూ? నీ కాళ్ళు పట్టుకుంటాను.”

ఆ రోజు ఊసెత్తితే చాలు, ఎప్పుడూ లేచి వెళ్ళిపోయేది. ఇవాళ తమ్ముడి ముఖం చూసి చేట పక్కన పెట్టింది. ఒక్కసారే చెప్తానని, మళ్ళీ జన్మలో అడగొద్దని షరతు పెట్టింది.

కిటికీ పక్కన కూర్చోబెట్టాడు. వెలుతురు సర్దాడు. చేయి తిరిగిన పని కదా, ఫ్రేము చిటికెలో కుదిరింది. స్టూడియోలో చేసినట్టే కెమెరా పక్కకొచ్చి, మనిషినే చూస్తూ నిలబడ్డాడు. పక్కింట్లో గ్రైండర్ గీపెడుతోంది. ఆపమని చెప్పడానికి కూడా వెళ్ళలేదు.

అక్క చెప్పింది. జనంలో తమ్ముడి వేలు జారిపోవడం. ఇంటికి పరిగెత్తి పళ్ళెం, గరిటె తెచ్చి, టంగుటంగుమని వాయిస్తూ వీధివీధీ తిరగడం. పిచ్చిదనుకుని పిల్లలు రాళ్ళేయడం. ఆ చప్పుడు గుర్తుపట్టి ఏదో బండి కింద నుంచి వీడు పాక్కుంటూ బయటికి రావడం. దొరక్కపోతే బావిలో దూకేద్దామనుకున్నానని చెప్పేటప్పటికి ఆమె చెంపలు తడిసిపోయాయి. అతనూ వెక్కి వెక్కి ఏడ్చాడు. పని దొరికినట్టేనని అప్పుడే గుండె నిమ్మళించింది.

మళ్ళీ చూసుకునే వ్యవధి లేదు. పరుగున వెళ్ళి డైరెక్టర్ ముందు పెట్టాడు.

డైరెక్టర్ చివరిదాకా చూశాడు. కనుబొమలు ముడిపడ్డాయి.

“లైటింగ్‌కి వంక పెట్టలేను. కానీ మళ్ళీ ఫొటోనే తెచ్చారేంటన్నా? ఆవిడ కన్నీళ్ళు తప్ప ఏమీ కదలట్లేదు.”

“అదేంటి సార్! అక్క మొత్తం చెప్పింది. నా ఎదురుగానే చెప్పింది.”

ఫొటోగ్రాఫర్ లాప్‌టాప్ తనవైపు తిప్పుకున్నాడు.

పాస్‌పోర్టు ఫొటోకి కోసినట్టు భుజాల దగ్గర కోసేసిన ఆ ఫ్రేములో అక్క ముఖం ఒక్కటే ఉంది. పుట్టుమూగ అయిన అక్క చేతులతో చెప్పిందంతా ఫ్రేము కిందే ఉండిపోయింది.