ఎర్ర కారు

మతిమరుపు ముదిరిన వెండెల్, భార్య డార్లీన్ పక్కన కూర్చుని, తనను కార్ల పందేల రారాజని పొగుడుతూ తీసిన సినిమాను టీవీలో చూస్తూ ఉడకబెట్టిన వేరుశనక్కాయలు వలుస్తున్నాడు. అందులోని ఓ పాత పందెం చివరి మలుపులో ఎర్ర కారు తగిలి, నీలం కారు గోడకు కొట్టుకుని భగ్గుమంది.

"పాపం, టైరు జారింది," అన్నాడు వ్యాఖ్యాత.

"టైరు జారడమేంటి, నా మొహం! ఎడమపక్క అంత ఖాళీ ఉంటే కుడికి కట్ కొట్టాడు. కావాలనే చంపాడు డార్లీన్! ఎవడా ఎర్ర కారు వెధవ?" అని మండిపడ్డాడు వెండెల్.

డార్లీన్ చెయ్యి కాయల గిన్నెలోనే ఆగిపోయింది. నీలం కారులో కాలిపోయింది ఆమె మొదటి భర్త. అది ప్రమాదమేనని వెండెల్ బైబిల్ మీద ఒట్టేశాకే ఆమె అతణ్ణి చేసుకుంది.

"నువ్వే," అంది.

వెండెల్ వెక్కివెక్కి ఏడ్చాడు. కాసేపటికి అంతా మరిచిపోయి మళ్ళీ కాయలు అందుకున్నాడు.

డార్లీన్ సినిమాను ఆ మలుపు దగ్గరికి వెనక్కి తిప్పింది.

"చూడు వెండెల్, మంచి రేసు వస్తోంది."