మలుపు దగ్గర కూత

సముద్రం ఒడ్డు వెంబడి అడవి దుంగలు మోసిన పాత రైలింజన్‌ని మ్యూజియంలో పెట్టారు. ప్రారంభోత్సవానికి దాన్ని నడిపిన డ్రైవరు భార్యతో కలిసి వచ్చాడు.

ఆవిడ కనబడినవాళ్లకల్లా చెబుతోంది. "మా ఇంటి మలుపు దగ్గరికి రాగానే ఈయన రోజూ నాకోసం కూత వేసేవారు. అలా కుదిరింది మా పెళ్లి!"

డ్రైవరు మీసం దువ్వుకున్నాడు.

ఇంజన్ పక్కనే, ఆ మలుపులోంచి పీకి తెచ్చిన ఇనప బోర్డు ఉంది. ఆవిడ కళ్లజోడు సర్దుకుని చదివింది. "ఇచ్చట డ్రైవర్లందరూ తప్పక కూత వేయవలెను."

"అందరూనా?" అంది.

డ్రైవరు చూపు తప్పించాడు. "రూలు కదే! వెయ్యకపోతే ఉద్యోగం ఊడేది."

"నలభై ఏళ్లుగా నమ్మానండీ!"

ఆయనకు రోషం వచ్చింది. "సరే, కూత రూలే. కూత వినగానే నువ్వు బయటికి పరిగెత్తుకొచ్చేదానివే, అది నాకోసం కాదూ?"

ఈసారి ఆవిడ చూపు తప్పించింది. "మీ ఇంజన్ మసి పడకముందే ఆరేసిన బట్టలు తియ్యాలి కదండీ."

"మరి అంత ప్రేమగా చెయ్యి ఊపేదానివిగా?"

"ఊపడమేంటి? దుప్పటి దులిపేదాన్ని."