మూడో గడి

"కిటికీకి ఆ దుప్పటి సరిపోదు. కింద జానెడు వెలుతురు పడుతోంది చూడు," అంది పెద్దక్క.

కొత్తమ్మాయి కుర్చీ ఎక్కి దుప్పటి కిందికి లాగింది. లాగితే పైన సందు పడింది. చివరికి పాత ఫైళ్లు రెండు తెచ్చి కింది సందుకి అడ్డం పెట్టింది. పెద్దక్క కూర్చున్నచోటునుంచి లేవలేదు. బెల్టూ, పేరు బిళ్లా, చేతిగడియారమూ బల్లమీద వరసగా పెట్టి, అవి ఎవరివో అన్నట్టు చూస్తోంది.

ఆ స్టేషన్లో ఆడ కానిస్టేబుళ్లు ఇద్దరే. పంతొమ్మిదేళ్లుగా ఆడవాళ్ల సోదాలన్నీ పెద్దక్కే చేసింది. కొత్తమ్మాయి చేరి నలభై రోజులు. మొదటి సోదా ఇవాళే. పట్టుబడ్డ మత్తుమందు దాచే స్టోరుగదిలో, సీలు వేసిన సంచిలోంచి రెండు పొట్లాలు తగ్గాయి. ఇన్‌స్పెక్టరు గేటు మూయించి ఎవరూ కదలొద్దన్నాడు. ఆ గది రోజూ తుడిచే స్వీపరమ్మని అరగంట కూర్చోబెట్టి అడిగాడు. ఇప్పుడావిడ బయట బెంచీమీద చేతిరుమాలుతో కళ్లొత్తుకుంటోంది.

"మీరుండగా నేనెందుకక్కా? నా చేతులు చూడండి, ఎలా వణుకుతున్నాయో."

"స్టోరు తాళం నా దగ్గరుంటుంది. నేను చెయ్యకూడదు. వణికితే వణకనీ. వణికే చేతులు నెమ్మదిగా వెతుకుతాయి, అదీ మంచిదే."

కొత్తమ్మాయి నవ్వబోయి ఊరుకుంది. పెద్దక్క పాఠం అప్పజెప్పినట్టు చెప్పుకుపోయింది. మగవాళ్లు గుమ్మం అవతలే ఉండాలి, ఇన్‌స్పెక్టరైనా సరే. సాక్షులిద్దరూ ఆడవాళ్లే అయ్యుండాలి. ఎదురు దుకాణం టైలరమ్మ అప్పటికే వచ్చి మూల స్టూలు మీద కూర్చుంది, మెడలో టేపుతో సహా. కొలతలు తియ్యడానికి పిలిచారనుకున్నానంది. సోదా చేసే మనిషి ముందు తన జేబులు తిరగేసి చూపించాలి, పొట్లం నువ్వే పెట్టావని రేపు కోర్టులో అనిపించుకోకుండా. ఒంటిమీది బట్ట ఒక్కటొక్కటిగా. తీసింది మళ్లీ వేసుకున్నాకే రెండోది.

"అన్నిటికంటే ముఖ్యం ఈ మూడో గడి," అని సోదా కాగితం మీద వేలు పెట్టింది. "ఇక్కడ తప్పితే కేసు నిలవదు. తప్పకపోతే ఆ మనిషికి పదేళ్లు."

మొదటి గడిలో పేరు, రెండో గడిలో అనుమానం, మూడో గడిలో జవాబు. మేజిస్ట్రేటు ముందుగానీ పెద్ద అధికారి ముందుగానీ సోదా జరగాలని కోరే హక్కు మీకుందని చెప్పి, ఎదుటి మనిషి ఏమంటే ఆ మాటే అందులో రాయాలి.

"మీరేం రాసేవారక్కా?"

"అక్కర్లేదన్నది, అని."

"అందరూ అలాగే అనేవారా?"

పెద్దక్క కాగితం మీదినుంచి వేలు తీసింది. ఒక్కరూ అలా అనలేదు. చెవి దగ్గర కాలిన మచ్చ ఉన్న ఒకామె 'మీ ఇష్టమమ్మా' అంది. ఆమే కాదు, దాదాపు అందరిదీ అదే మాట. భయపడ్డ మనిషి నోటికి ముందుగా వచ్చే మాట. అది ఒప్పుకోవడం కాదు, కాదనడమూ కాదు. ఒంటిని ఎదుటివాళ్లకి వదిలేసి తాను పక్కకి జరిగిపోవడం. అది తెలిసే 'అక్కర్లేదన్నది' అని రాసింది. మచ్చ ఉన్నామెకి పదేళ్లు పడ్డాయి. తీర్పు విన్నరోజు కూడా పెద్దక్కకి అన్నం మామూలుగానే సయించింది. ఇప్పుడూ లోపల ఏదీ కదలడంలేదు, మత్తుసూది వేసిన పంటి చిగురులా ఉంది. చెల్లెలు మాత్రం గుర్తొచ్చింది. వారంగా ఒళ్లంతా వణుకు, చెమటలు, గోళ్లతో గోడ గీకడం. మధ్యాహ్నంలోగా మందు అందకపోతే తలుపు బాదడం మొదలుపెడుతుంది. పెద్దక్కే బయటనుంచి గడియ పెట్టి వచ్చింది.

"మీ ఇష్టం అంటే అది జవాబు కాదమ్మాయ్. మళ్లీ అడుగు. అవుననో కాదనో అన్నాకే రాయి."

"అయినా అదే అంటే?"

"ఎందుకంటారు? హక్కుందని తెలిశాక ఎవరూ అనరు."

ఇన్‌స్పెక్టరు తలుపు తట్టి ఇక కానివ్వమన్నాడు. కొత్తమ్మాయి సందులోంచే, మీరు అవతల ఉండాలి సార్ అంది. అతను అడ్డు చెప్పకుండా వెనక్కి జరిగాడు. స్వీపరమ్మ లోపలికొచ్చి, ఎవరి ముఖమూ చూడకుండా టైలరమ్మ పక్కన గోడకి ఆనుకుని నిలబడింది. కళ్లు వాచిపోయి ఉన్నాయి. కొత్తమ్మాయి గడియ వేసింది.

పెద్దక్క కుర్చీలోంచి లేచింది.

కొత్తమ్మాయి తన జేబులు తిరగేసి చూపించింది: పెన్ను, బస్సు టికెట్టు, సగం తిన్న చాక్లెట్టు. టైలరమ్మ చూశానన్నట్టు తలాడించింది. కాగితం అల్లాడుతుంటే కొత్తమ్మాయి రెండు చేతులతో పట్టుకుని, ఒక్క మాటా మింగకుండా చదివింది.

"కోరుకుంటున్నారా?" అని ఆగింది.

స్వీపరమ్మ వెక్కు ఒక్కటే వినిపించింది.

మళ్లీ మొదటినుంచీ చదివింది, ఇంకా నెమ్మదిగా. "అవుననైనా చెప్పండి, కాదనైనా చెప్పండి," అంది. పెన్ను మూడో గడి మీద ఆగి ఉంది.

"మీ ఇష్టమమ్మా," అంటూ పెద్దక్క చేతులు పైకెత్తింది.