అరవై దగ్గర ఆగే బ్యాటరీ

“దాసూ, చెరుకు కాటా కాడ అందరి ల్యాప్‌టాప్ బ్యాటరీలు సచ్చినయ్. నాదొక్కటే కొత్తదాని లెక్కున్నది. ఏం జేసినవ్?” అంటూ ఆత్మారాం నా కంప్యూటర్ దుకాణంలోకి వచ్చాడు.

నేను నకిలీ సరుకు అమ్ముతానని బోధన్ ఊరంతా చాటి, నా గిరాకీ చెడగొట్టినవాడు. కరెంటు పోతే తూకం మధ్యలోనే అతని ల్యాప్‌టాప్ ఆరిపోవాలని, రెండేళ్ల కిందట చివరికి నా దగ్గరే కొన్నప్పుడు అరవై శాతానికే చార్జింగ్ ఆగేలా సాఫ్ట్‌వేర్‌లో పెట్టింది నేనే.

రోజంతా ప్లగ్గులో ఉండే బ్యాటరీ నిండా ఎక్కితేనే త్వరగా పాడవుతుందని ఇప్పుడు తట్టింది. నా పగే దాన్ని కాపాడింది.

“నీ కాడ కొన్ననని మాత్రం ఎవ్వలకు చెప్పలే. నవ్వుతరు,” అన్నాడు.

“ఇటియ్యన్నా. అరవై కాడ ఆగుతున్నది గద, నూరు దాక ఎక్కేటట్టు చేస్త.”

“గట్లయితే ఇంక మంచిది!” అంటూ రెండు చేతులతో ల్యాప్‌టాప్ అందించాడు.