హీరో పైపు

"ఇందులో హీరో ఎవరమ్మా?" అడిగాడు త్యాగరాజు.

"పైపే అంకుల్" అంది కెమెరా అమ్మాయి. జనక్‌పురిలోని ఆ రెండంతస్తుల ఇంట్లోకి పొద్దున్నే కుళాయి నీళ్లు ఎలా వస్తాయో సినిమా తీస్తుందట. కథ లేదట, పాటలూ లేవట.

పైపు మీద సినిమా ఎవరు తీస్తారు? నీళ్ల ఆఫీసువాళ్లే పంపి ఉంటారని అతని అనుమానం. పైపుకి మోటారు తగిలించి నీళ్లు లాగుతున్నట్టు తెలిస్తే కనెక్షన్ కట్ చేస్తారు. కింది వాటాలో ఉండే త్యాగరాజుకి అలాంటి మోటారుంది.

మర్నాడు ఆమె వచ్చేలోగా దాన్ని విప్పి మంచం కిందికి తోసేశాడు.

ఆ అమ్మాయి హెడ్‌ఫోన్లు పెట్టుకుని కాసేపు విని, "నిన్న వినిపించిన మోటారు చప్పుడేదీ అంకుల్? నాకు కావలసింది అదే" అంది.

"మోటారా? మా ఇంట్లోనా? భలేదానివే!"

అంతలో పై వాటా సరోజిని మెట్ల మీదికి పరిగెత్తుకొచ్చింది.

"అన్నయ్యగారూ, మా కుళాయిలో నీళ్లొస్తున్నాయండీ! మేం వచ్చాక ఇదే మొదటిసారి. కెమెరా అంటే ఆఫీసువాళ్లకి ఎంత భయమో చూశారా?"

త్యాగరాజు మంచమున్న గది తలుపు మెల్లగా మూశాడు.

"పాపం, మీరు రోజూ రెండు బకెట్లు ఇచ్చి ఆదుకున్నారు. మీ మేలు మరిచిపోను" అని దణ్ణం పెట్టి, సరోజిని ఆ అమ్మాయి వైపు తిరిగింది. "రేపు కూడా వస్తావా, తల్లీ?"

ఆ అమ్మాయి ఏం చెబుతుందోనని, సరోజిని కన్నా ఆత్రంగా త్యాగరాజు ఎదురుచూశాడు.