తిప్పయ్య పెట్టిన పాయింటు

"మామా, ఈ ఒక్కసారికి కాదను. ఒళ్లు బాగలేదని చెప్పు."

మజ్జిగ చెంబు అందిస్తూ భారతి మెల్లగా అంది. తిప్పయ్య గటగటా తాగి, మీసాలు తుడుచుకుని, తువ్వాలు భుజాన వేసుకున్నాడు.

"మొగుడు లేని ఆడమనిషి బయమ్మ. వాకిట్లోకి వచ్చి బోరుకు చోటు చూపించమంటే యెట్ల కాదనేదమ్మా?"

అరచేతిలో టెంకాయ పడుకోబెట్టి చేనంతా నడిస్తే, కింద నీళ్లున్న చోట అది లేచి నిలబడుతుందట. తిప్పయ్యకు ఆ విద్యలో పెద్ద పేరు. అయితే ఆ పేరు పాతబడింది. భారతి కోడలిగా వచ్చింది మొదలు ఆయన ఇక్కడ తవ్వమని పాయింటు పెట్టిన ఏ బోరులోనూ నీళ్లు పడలేదు. దుమ్ము మాత్రం దండిగా పడింది.

ఇంతకుముందు ఆయన చెయ్యి మహిమ గలదేనని చెప్పడానికి మిగిలిన సాక్ష్యం ఆయన సొంత బోరు. ఊళ్లో నీళ్లున్న బోరు అదొక్కటే. దాని కింద బత్తాయిలు కాసే చీనీ తోట పచ్చగా ఉంది. పొద్దున్నే వీధి వీధంతా బిందెలతో ఆ తోట గేటు ముందే ఉంటుంది. తిప్పయ్య ఎవరినీ కాదనడు. పాయింటు పెట్టినందుకు తాంబూలం కూడా తీసుకోడు. పైగా ఆయన పాయింటు పెట్టినా బోరులో నీళ్లు పడనివాళ్లకు వరసలో ముందు చోటు.

అనంతపురంలో డిగ్రీ చదివిన భారతికి టెంకాయ మీద నమ్మకం లేదు. మామ మనసు మీద ఉంది. ఊరు ఆయన్ని చూసి చాటున నవ్వుకుంటుంటే ఆమె తట్టుకోలేకపోయేది.

మామ వినకపోతే బయమ్మనైనా ఆపుదామని పోయింది.

"అక్కా, మిషన్‌తో నీళ్లు చూసేవాళ్లు కుందుర్పిలో ఉండారంట. పిలిపిద్దామా?"

బయమ్మ పశువుల మేత వేసే ఖాళీ గాడి ఊడుస్తోంది. బోరు వేసే బండి ఖర్చు కోసం పాడావులు రెండూ సంతలో అమ్ముడుపోయాయి.

"ఏం మాటలే అవి? మీ మామ నీళ్లు తాగి బతుకుతాండాం. ఆయన్ని కాదని ఇంకొకర్ని పిలిస్తే రేపు బిందె పట్టుకుని యే మొగంతో వచ్చేది?"

"ఈసారీ పడకపోతే?"

"ఇంటికి తాళమేసి బెంగళూరు పోతా. బిల్డింగు పనికి. రాళ్లు మోసేది నాకేమన్నా కొత్తనా?"

మరునాడు తిప్పయ్య బయమ్మ చేనులో దిగాడు. పక్కకు ఎవరూ రాకూడదు. అందరూ గట్టు మీదే నిలబడాలి. దిష్టి తగలకుండా టెంకాయ మీద తువ్వాలు కప్పుకోవడం ఆయన పద్ధతి.

"ఈడ నీళ్లు పడితే తిప్పయ్యన్న బోరు ఎండి ఎత్తిపోతుందేమోప్పా, పక్కపక్క చేన్లు గదా" అన్నాడు గట్టు మీద జయరాముడు.

"అది తెల్సీ వచ్చి నడుస్తాండాడు చూడు. అదీ మనిషంటే" అంది సుబ్బరత్నమ్మ.

భారతికి గర్వంగా అనిపించింది. అంతలోనే దిగులు వేసింది. ఎందుకంటే, తమ చీనీ తోట గట్టు పక్కకు వచ్చేసరికి మామ తూలినట్టయింది. తువ్వాలు కింద చెయ్యి వణికింది. ఎడమ చేత్తో దాన్ని గట్టిగా అదిమి పట్టుకుని అలాగే ముందుకు నడిచాడు.

వయసు, అనుకుంది భారతి. కల్యాణదుర్గం తీసుకుపోయి డాక్టరుకు చూపించాలి.

తిప్పయ్య ఆ చేనుకు అవతలి చివర, తంగేడు పొదల దగ్గర ఆగి మడమతో నేలను తన్నాడు. బయమ్మ పరుగున పోయి అక్కడ రాయి పెట్టి, పసుపు కుంకుమ చల్లి, దానికే మొక్కింది.

బోరు బండి వచ్చింది. చక్రాల కింద నిమ్మకాయలు పెట్టారు, టెంకాయ కొట్టారు. ఈ ఊరివాళ్లు పెళ్లికి పిలవకపోతే అలుగుతారు గానీ, బోరు వేస్తుంటే పిలవకుండానే వస్తారు. అందరి కళ్లూ పైకి లేచే దుమ్ము మీదే. తడి తగులుతుందా, రంగు మారుతుందా అని. తెల్లగా లేచిన దుమ్ము తెల్లగానే లేచింది.

"ఇంకా దించాలామ్మా?" అన్నాడు డ్రైవరు. బయమ్మ తలూపింది. కాసేపటికి మళ్లీ అడిగాడు. మళ్లీ తలూపింది. మూడోసారి అడగకుండా తనే ఇంజను ఆపేశాడు.

బయమ్మ ఏడవలేదు. నెత్తి నుంచి పాదాల దాకా రాతిపిండి పడి, చేనులోనే కూర్చుండిపోయింది. తిప్పయ్య పోయి పక్కన కూర్చుని కళ్లొత్తుకున్నాడు.

"దిగులు పడొద్దు తల్లీ. మా బోరుండాదిగా. నీ బిందె యెప్పుడూ ముందే."

ఆమె ఆయన కాళ్లకు మొక్కింది.

ఆ వారంలోనే బయమ్మ ఇంటి తాళంచెవి తెచ్చి భారతి చేతిలో పెట్టింది. "మా చేనులో మీ ఆవుల్ని మేపుకోండి. తిప్పయ్యన్న రుణం ఇట్లన్నా తీరనీ" అని బస్సెక్కింది.

భారతి ఆ తాళంచెవితోనే నేరుగా చీనీ తోటలోకి పోయింది. తిప్పయ్య చెట్ల పాదుల్లోకి నీళ్లు మళ్లిస్తున్నాడు.

"ఇంక చాలు మామా! ఊరంతా నవ్వుతాండారు. నీ చేతిలో టెంకాయ ఇంక లేవదు. ఒప్పుకుని ఇంట్లో కూర్చో."

తిప్పయ్యకు ఆ మాట ఎక్కడో తగిలింది. పార ఆపి కోడలి వైపు చూశాడు. మొదటిసారి ఆ ముఖంలో కాస్త కోపం, కాస్త గర్వం.

"టెంకాయ బాగానే లేస్తాది లేమ్మా, అది లేచినా ఆగకుండా నడిచిపోయేది నేర్చుకునేదానికే నాకు ఇన్నేండ్లు పట్టింది."